వాగు అవతలి వియ్యంకుడు

తాళాల మేస్త్రికి తాళం వేసిన తలుపు మీద నమ్మకం ఉండేది కాదు. తాళం లేని మనిషి నోటి మీద అసలే ఉండేది కాదు. ఆయన తప్పు కాదది, వృత్తి అలాంటిది. షెడ్డు తలుపు తీసింది మొదలు జనం మోసుకొచ్చే కబుర్లన్నీ ఒకటే మచ్చు: తాళం పోయింది, తాళంచెవి పోయింది, తలుపు తీసి చూస్తే సామాను పోయింది. తల నెరిసేదాకా పోయినవాటి మధ్యే కూర్చున్నవాడికి ఉన్నవాటి మీద గురి ఎలా కుదురుతుంది? గోడలకు చెవులుంటాయని లోకం సామెతగా చెప్పుకుంటుంది గాని, మేస్త్రి షెడ్డులో గోడల నిండా నిజంగానే చెవులు, మేకులకు వేలాడే తాళంచెవులు. అవి వినవని మనకు ధైర్యం. ఆయనకు ఆ ధైర్యమూ లేదు. భార్యతో ఏదైనా గుట్టు మాట్లాడాలంటే షెడ్డు బయటికి వచ్చేవాడు.

బయట వాగు ఉంది. అది మాత్రం ఊరుకుంటుందా? దాని పేరే వాగు. గులకరాళ్ల మధ్య పగలూ రాత్రీ ఏదో ఒకటి వాగుతూనే ఉంటుంది. ఎండాకాలంలో చెప్పులు తడవకుండా దాటొచ్చు. వానాకాలంలో దాటితే చెప్పులే ఒడ్డు చేరతాయి. మిగతా రోజుల్లో తనకేమీ తెలియనట్టు పడుంటుంది గనక చుట్టుపక్కలవాళ్లు దాన్ని నంగనాచి అనేవారు.

ఈ ఒడ్డున మేస్త్రి ఇల్లూ షెడ్డూ. ఆ ఒడ్డున వియ్యంకుడి ఇల్లు. వియ్యంకుడు బడిలో భూగోళం చెప్పి ఈ మధ్యే పదవి దిగిన మాస్టారు. ఆ ఇంటి వెనక గదికి వాగు వైపు ఒక కిటికీ ఉంది. మేస్త్రి తన ఒక్కగానొక్క కూతుర్ని ఆ ఇంట్లో ఇచ్చింది మాస్టారి చదువు చూసీ కాదు, అల్లుడి ఉద్యోగం చూసీ కాదు, ఆ కిటికీ చూసి. పిల్ల ఆ గదిలో కుట్టుమిషను పెట్టుకుని బడిపిల్లల సంచులు కుడుతుంది. మేస్త్రి ఆకురాయి పక్కన పెట్టి తలెత్తితే కూతురు తల కనిపిస్తుంది. ఎవరినీ నమ్మనివాడు పిల్లను ఇంకెంత దూరం ఇస్తాడు? కంటికి అందేటంత దూరమే ఇచ్చాడు. తల్లీకూతుళ్లు ఆ కిటికీలోంచి ఈ ఒడ్డుకీ ఆ ఒడ్డుకీ అరుచుకుంటూ కాపురాలన్నీ కలబోసుకునేవారు.

కయ్యానికైనా వియ్యానికైనా సమఉజ్జీ ఉండాలంటారు. వియ్యం సంగతి సరే, కయ్యానికి మాస్టారు బొత్తిగా పనికిరాడు. ఎవరేమన్నా "అలాగా బావగారూ" అని, అందులోంచి ఒక పాఠం తీసేవాడు. పదవి దిగాక చెప్పేందుకు పిల్లలు లేక, వాగు చరిత్ర రాయడానికి పూనుకున్నాడు. భూగోళం ఆయనది, గందరగోళం మేస్త్రిది.

ఒక ఆదివారం భోజనానికి పిలిచినప్పుడు మొదలైంది ఇదంతా. మాస్టారు పెరుగన్నం దాకా ఆగి, బజారులో వంతెన వీధి సంగతి ఎత్తాడు. ఆ వీధికి వంతెన వీధని పేరేగాని అందులో వంతెన లేదు, దాటడానికి నీళ్లు లేవు. పేరు పెట్టినవాడికి మతి లేదని అందరూ నవ్వుకునేవారు. మాస్టారు నవ్వలేదు, తవ్వించాడు. చెప్పుల కొట్టు ముందు మెట్టులా అరిగిపోయి కనబడే రాయి మెట్టు కాదట, మట్టిలో పూడిపోయిన వంతెన నెత్తిట. ఆ వీధిలో ఎవరు పునాది తవ్వినా గులకరాళ్లూ నత్తగుల్లలూ పడేవి అందుకేనట. వీధి అలా వంకర తిరగడానికి కారణం ఇళ్లు కట్టినవాళ్ల వంకరబుద్ధి కాదు, ఒకప్పుడు అక్కడ వాగు తిరగడం.

"వాగు ఒక్కచోట ఉండదు బావగారూ," అన్నాడు మాస్టారు, వేలితో పళ్లెంలో మలుపు గీస్తూ. "మలుపులో బయటి ఒడ్డును కొరుకుతుంది, లోపలి ఒడ్డు మీద ఉమ్ముతుంది. తరతరాలుగా అలా కొరుక్కుంటూ ఉమ్ముకుంటూ ఆ వీధిలోంచి ఇక్కడిదాకా జరిగింది. మావాళ్లు భయపడి మా ఒడ్డుకి రాతికట్టు కట్టారు గనక ఆగింది. అంటే చూడండి, మీ తాతల కాలంలో మీ షెడ్డు ఉన్న చోటు మా ఒడ్డున ఉండేది."

మేస్త్రి గొంతులో పెరుగన్నం ఆగింది. ఆ తర్వాత మాస్టారు ఇసుక గురించీ వరదల గురించీ చాలా చెప్పాడు. మేస్త్రి చెవిలో ఒక్క మాటే తిరుగుతోంది, తాళంలో సగం తిరిగి ఇరుక్కుపోయిన చెవిలా. మీ షెడ్డు మా ఒడ్డున ఉండేది.

ఇంటికొచ్చాక భార్యను బయటికి పిలిచి, "విన్నావా?" అన్నాడు.

"విన్నాను. నత్తగుల్లలట, వింతగా ఉంది."

"నత్తగుల్లలు కాదే. షెడ్డు ఆయనదంటున్నాడు."

ఆవిడ నుదుటి మీద చెయ్యి పెట్టి చూసి, మీకు పెరుగు పడలేదు, వెళ్లి పడుకోండి అంది.

మేస్త్రికి నిద్ర పడితేగా. హద్దు ఏమిటి ఇద్దరికీ? వాగు. వాగుకు అటుపక్కది ఆయనది, ఇటుపక్కది తనది. వాగే తప్పుచోట ఉందని రుజువైతే హద్దే తప్పన్నమాట. హద్దు తప్పితే మనిషి హద్దు మీరడానికి ఎంతసేపు? ఇంత మెత్తగా మాట్లాడే మనిషి ఇంత పొడుగ్గా ఆలోచిస్తాడని తాను ఊహించనందుకు తననే తిట్టుకున్నాడు.

వారం తిరక్కుండా మాస్టారు చంకలో కర్రలు పెట్టుకుని వాగు మీది ఇనుప కాలివంతెన మీదుగా వచ్చాడు. మీరేమీ అనుకోకపోతే మీ గట్టు మీద నాలుగు కర్రలు పాతుకుంటాను బావగారూ, చిన్న పరిశీలన అన్నాడు. పిల్లనిచ్చిన మొహమాటం మేస్త్రి మెడ వంచింది. ఏకై వచ్చి మేకై కూర్చోవడమంటే వినడమేగాని, వచ్చీరావడమే మేకులు చేత్తో పట్టుకొచ్చినవాణ్ని చూడటం ఆయనకు అదే మొదలు.

నిజానికి మాస్టారి లెక్క చంటిపిల్లలకైనా అర్థమవుతుంది. వాగు ఒడ్డు తెగే అంచు నుంచి బారెడు లోపలికి కర్ర పాతుతాడు. ఆదివారం ఆదివారం వచ్చి కర్రకీ అంచుకీ మధ్య దూరం కొలుస్తాడు. దూరం తగ్గిందంటే ఆ గట్టును వాగు కొరుకుతోందని. తగ్గలేదంటే లేదని. ఇదంతా ఆయన పాతుతూనే చెప్పాడు కూడా. మేస్త్రి వినలేదు, ఆయన మాటల వెనకాల ఏముందో వినడంలో మునిగిపోయాడు. ఆయన కంటికి అవి హద్దు కర్రలు. కర్రల నుంచి నీళ్ల దాకా ఉన్న బారెడు నేలా మాస్టారు ముందు మింగుతాడు, ఆ పైన షెడ్డు.

"అడగొచ్చుగా, ఎందుకు పాతారని," అంది భార్య.

"అడిగితే మనకి తెలిసిపోయిందని ఆయనకి తెలిసిపోతుంది."

"మనకేం తెలిసింది?"

"అదే చెప్తాననుకున్నావా, ఇక్కడ, వాగు పక్కన?"

పీకి పారేస్తే రచ్చవుతుంది. అటు పిల్ల కాపురముంది, కిటికీ ఉంది. మంచి దొంగ తాళం పగలగొట్టడు, తాళం ఉన్నట్టే ఉంచి పని కానిస్తాడు. ఇది మేస్త్రి తాళాలు బాగుచేసి నేర్చుకున్న తత్త్వం. అందుకని వారానికోసారి తెల్లవారుజామున పట్టకారు పట్టుకుని గట్టు మీదికి వెళ్లేవాడు. ఒక్కో కర్రనూ పట్టకారుతో పెకలించి, జానెడు వాగు వైపు జరిపి, మళ్లీ దిగ్గొట్టి, పాత గుంతలో మట్టి కప్పి, మట్టి మీద గడ్డి సర్దేవాడు. జానెడు నేల గెలిచిన మహారాజులా ఇంట్లోకొచ్చి కాఫీ తాగేవాడు. అలా గడియలు బిగించే చేత్తోనే గడియకో ఎత్తు వేస్తూ వచ్చాడు.

ఆదివారం మాస్టారు వచ్చి కొలిచి, తల గోక్కుని, మళ్లీ కొలిచి వెళ్లిపోయేవాడు. మొహంలో రంగు మారేది. మేస్త్రి షెడ్డు తలుపు సందులోంచి చూసి లోలోపల మురిసిపోయేవాడు. దొంగకు తేలు కుట్టింది, నోరెత్తడు అనుకునేవాడు. తేలు ఎవరో, దొంగ ఎవరో ఆ తలుపు సందులోంచి కనబడితేగా.

అవతలి ఇంట్లో మాస్టారు ముందుగదిలో నల్లబల్ల మీద గీసిన గీతలు వారం వారం మేస్త్రి షెడ్డు మీదికి వంగుతున్నాయి. తరతరాలుగా ఇటు జరిగిన వాగు ఒక్కసారిగా అటు తిరిగింది. ఎందుకు తిరిగిందో భూగోళంలో ఎక్కడా లేదు. కాని కర్రలు చెబుతున్నాయి. పుస్తకానికీ కర్రకీ తగువొస్తే కర్రనే నమ్మాలని జీవితమంతా పిల్లలకు చెప్పిన మనిషాయన. ఈ లెక్కన వానాకాలం వెళ్లేసరికి బావగారి షెడ్డు నీళ్లపాలు. చెబితే? ఆయనకసలే అనుమానాల జబ్బు, నిద్ర మానేస్తాడు. ఊరికే సాయం చేస్తానంటే పౌరుషానికి పోయి వద్దంటాడు. అందుకని మాస్టారు రాత్రిళ్లు కొడుకుని వెంటబెట్టుకుని, తన ఒడ్డున పెద్దలు కట్టిన రాతికట్టులోంచి రాళ్లు విప్పి, కాలివంతెన మీదుగా మోసుకొచ్చి, మేస్త్రి గట్టు కింద వరసగా పేర్చడం మొదలుపెట్టాడు. వాగు బావగారి వైపు తిరిగాక తన ఒడ్డుకి రాళ్లెందుకు?

కోడలితో మాత్రం, మీ నాన్నకి చెప్పొద్దమ్మా అన్నాడు. కోడలు తండ్రికి చెప్పలేదు. తల్లికి చెప్పింది, అదీ పూర్తిగా కాదు. "మావయ్యగారేదో చేస్తున్నారమ్మా, నాన్నకి చెప్పొద్దన్నారు," అని కిటికీలోంచి వాగు దాటేటంత గొంతుతో గుట్టుగా అరిచింది. వాగుకి ఈ ఒడ్డున ఆ కేక విననివాడు చెవిటివాడొక్కడే. మేస్త్రి చెవిటివాడు కాడు.

తెల్లారి చూస్తే గట్టు కింద రాళ్ల వరస. మేస్త్రి వంగి చూశాడు, కాలితో తన్ని చూశాడు. గట్టిగా ఉంది.

"పునాదే," అన్నాడు భార్యతో. "పునాది వేసేస్తున్నాడు."

"ఎవరైనా నీళ్లలో పునాది వేస్తారా?"

"వేస్తారు. మాస్టారుగా, నీళ్ల మీద రాత కూడా రాస్తాడు."

ఆవిడకు ఒక క్షణం అనుమానం తగిలింది, మొగుడి మీద. తెల్లవారుజామున పట్టకారుతో ఎక్కడికి వెళ్లొస్తున్నారని అడిగింది. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు, మేస్త్రి గబగబా పట్టకారు తుడిచి, దొడ్డి తలుపు మేకు వదులైందని చెప్పాడు. దొడ్డి తలుపుకి మేకే లేదు. ఆ రోజు నుంచి కిటికీ వైపు చూసినప్పుడల్లా ఆవిడ మొహంలో ఏదో బెంగ కనిపించేది. రాతికట్టు సన్నబడిన కొద్దీ ఆ గది గోడ నీళ్లకు దగ్గరవుతున్నట్టుందని ఒకసారి అంది కూడా. మేస్త్రి తన గట్టు వైపు చూసుకుంటున్నాడు. ఆయన అటు చూడలేదు.

వాన పట్టింది. పట్టింది అనడం వాన మర్యాద కోసం, నిజానికి విరుచుకుపడింది. మర్నాడు మధ్యాహ్నానికి నంగనాచి తన అసలు రూపం చూపించింది. ఎర్రటి నీళ్లు కొమ్మల్నీ తుప్పల్నీ దొర్లించుకుంటూ గట్ల మీదికి ఎగబాకుతున్నాయి. మేస్త్రి షెడ్డులో సామాను అంతా అటకెక్కించి, వియ్యంకుడు ఈ అదునులో ఏం చేస్తాడో చూద్దామని తలుపు సందు దగ్గర కాపు వేశాడు.

మాస్టారు వచ్చాడు. గొడుగు గాలికి వెనక్కి విరిగింది, దాన్ని పట్టించుకోవడం లేదు. పంచె మోకాళ్ల పైకి కట్టి, కొడుకునీ ఇద్దరు కూలీలనూ పరుగులు పెట్టిస్తున్నాడు. వాళ్లు అవతలి ఒడ్డు నుంచి రాళ్లు మోసుకొచ్చి ఇవతల దించుతున్నారు. చాలడం లేదు, ఆ గది కింద ఉన్న వరస కూడా లాగి తెండి అని మాస్టారు కూలీలకు చెప్పడం మేస్త్రికి స్పష్టంగా వినిపించింది.

ఆ గది. మేస్త్రి తలెత్తి చూశాడు. కిటికీలో పిల్ల తల ఉంది, మిషను మీదికి వంగి. ఆ కిటికీ కింద, రాళ్లు లేని మెత్తటి మట్టిని వాగు కొరుకుతోంది. బండెడు మట్టి పెళ్ల ఊడి చప్పుడు లేకుండా నీళ్లలో కూర్చుంది.

మేస్త్రి తలుపుకి గడియ కూడా వెయ్యకుండా బయటికి ఉరికాడు. ఆయన జీవితంలో అలా ఎప్పుడూ జరగలేదు.

"ఏం చేస్తున్నారు బావగారూ?"

"మీరు లోపలికి వెళ్లండి, తడుస్తారు," అన్నాడు మాస్టారు. "చెప్పకూడదనుకున్నాను, ఇంక తప్పదు. మీ గట్టు పోతోంది. షెడ్డు ఈ వాన దాటదు. మా వైపుకి ఇంక రాళ్లతో పని లేదు, వాగు ఇటు తిరిగింది."

"ఎవరు చెప్పారు?"

"ఆ కర్రలే చెప్పాయి."

ఎదురుగా అన్ని నీళ్లు పెట్టుకుని మేస్త్రి నోట్లో లేని నీళ్లు నమిలాడు. తన గట్టు కింద పేర్చిన రాళ్లు చూశాడు. పునాది అనుకున్నది పునాదే, కాకపోతే తన షెడ్డుకి. చెబితే పరువు పోతుంది. చెప్పకపోతే కూలీలు ఇంకో వరస లాగుతారు. కాలివంతెన మీద అల్లుడు అప్పటికే వెనక్కి వెళ్తున్నాడు.

"ఆ కర్రలు అబద్ధం," అన్నాడు.

"కర్రలు అబద్ధమెందుకు చెప్తాయండీ?"

"నేను చెప్పించాను. వారం వారం తెల్లారగట్ల జానెడు జానెడు జరిపాను. మీ గట్టే పోతోంది. ఆ రాళ్లు వెనక్కి పంపండి."

మాస్టారు వానలో నిలబడి మేస్త్రి మొహంలోకి చూశాడు. తర్వాత చల్లగా నవ్వాడు.

"మీ మంచితనం నాకు తెలియదా బావగారూ? మా రాళ్లు తీసుకోవడానికి మొహమాటపడుతున్నారు. షెడ్డు పోయినా ఫర్వాలేదని ఈ మాట అంటున్నారు."

పుట్టి బుద్ధెరిగి ఎవరినీ నమ్మని మనిషికి, ఆ దెబ్బ అంతా ఇంతా కాదు. తాను దొంగనని నెత్తీ నోరూ కొట్టుకుంటుంటే ఎదుటివాడు దొరబాబులా గౌరవిస్తున్నాడు. మేస్త్రి ఇంక మాటలు పెట్టుకోలేదు. షెడ్డులోకి వెళ్లి పట్టకారు తెచ్చి, దగ్గర్లో ఉన్న కర్రను ఊడబెరికి మాస్టారి కళ్ల ముందు పెట్టాడు. కర్ర నెత్తి చుట్టూ పంటిగాట్లు. వరసలో ఒకచోట గాటు లేదు. పట్టకారు నోరు తెరిచి చూపించాడు. అందులో ఒక పన్ను విరిగి ఉంది. ఆ నోటిని కర్రకు కరిపిస్తే గాటు గాటులో పన్ను పన్ను కూర్చుంది. ఆయన చేతి మీదుగా ఎన్ని తాళాలు వెళ్లాయో, ఏ చెవీ ఏ తాళానికీ అంత నికరంగా సరిపోలేదు.

మాస్టారు కర్రను తీసుకుని తిప్పి తిప్పి చూశాడు. నవ్వు పోయింది.

"ఎందుకండీ?" అన్నాడు.

"నా షెడ్డు మీ ఒడ్డున ఉండేదన్నారుగా, ఆ రోజు."

"నేను పాఠం చెప్పానండీ," అన్నాడు మాస్టారు.

అంతే అన్నాడు. తర్వాత వెనక్కి తిరిగి, కొడుకుని ఆగమని, గదిలోంచి కోడల్ని బయటికి తెమ్మని, రాళ్లన్నీ మళ్లీ అవతలికి మొయ్యమని అరిచాడు. ఎప్పుడూ గొంతెత్తని మనిషి అరుపు వాగు మోతను దాటి వెళ్లింది.

మేస్త్రి మోసినన్ని రాళ్లు ఆ రోజు కూలీలు కూడా మొయ్యలేదు. భార్య కొంగు బిగించి వచ్చి చేతులందించింది. ఒక రాయి ఆయనకు అందిస్తూ, "దొడ్డి తలుపు మేకు ఇదేనా?" అని మాత్రం అడిగింది. పిల్లా అల్లుడూ కుట్టుమిషనును లాక్కుంటూ ముందుగదిలోకి తెచ్చారో లేదో, వెనకగది మూల వాగులోకి ఒరిగింది. మూలతోపాటు కిటికీ పోయింది. రెక్కలు తెరుచుకుని, తేలుకుంటూ, ఎవరినో పిలవబోతున్నట్టు కాసేపు కనబడి మలుపు తిరిగిపోయింది. అంతలో రాళ్లు పట్టు దొరకబుచ్చుకున్నాయి. గది మిగతాది నిలబడింది.

గోడ మళ్లీ లేచేదాకా పిల్ల మిషను మేస్త్రి షెడ్డులో పెట్టారు. కొత్త కిటికీకి చట్రమూ గడియా మేస్త్రే చేశాడు. గడియ లోపలి వైపు పెట్టాడు, పిల్ల తీస్తేనే తెరుచుకునేలా. అటు ఒక గోడ లేస్తోంటే ఇటు ఇంకో గోడ మేస్త్రి గుండెలో లేస్తోంది. మాస్టారు ఆ రోజు తర్వాత ఆ సంగతి ఎత్తలేదు. ఎదురైతే అదే "బావగారూ", అదే మెత్తదనం. మేస్త్రి ఇనుప కడ్డీలు చేసి, ఈసారి కదిలేవి కావని మొహం దించుకుని చెబుతూ రెండు గట్ల మీదా పాతితే, అలాగే అన్నాడు. ఒక్కసారి గట్టిగా కదిపి కూడా చూడలేదు. తిడితే కడుపు నిండేది. తిట్టలేదు. నమ్ముతున్నాడో, నమ్మడం మానేసి మర్యాద మిగుల్చుకున్నాడో తేలక మేస్త్రికి తిండి సయించేది కాదు. అనుమానం పెనుభూతమంటారు, ఎదుటివాడికి అనుమానం లేకపోవడం దాన్ని మించిన భూతమని ఆయనకిప్పుడు తెలిసింది.

ఒకరోజు పొద్దున్నే, పాత అలవాటు కాళ్లకు తగులుకుని, ఉత్త చేతులతో గట్టు మీదికి వెళ్లాడు. మొదటి కడ్డీ మొదట్లో గడ్డి కాస్త నలిగి ఉంది. వంగి గడ్డి పక్కకు తోశాడు. కడ్డీకి ఆనించి ఒక గులకరాయి పాతిపెట్టి ఉంది. రాయి మీదా, దాన్ని తాకే చోట కడ్డీ మీదా కలిసేలా తెల్లరంగుతో సన్నటి గీత. కడ్డీ వెంట్రుకవాసి కదిలినా గీత తెగుతుంది. రెండో కడ్డీ దగ్గర చూశాడు. అక్కడా ఉంది. ప్రతి దాని దగ్గరా ఉంది, బడిపిల్లలకు గీత గీసినంత నీటుగా, గడ్డి కింద దాచి.

మేస్త్రి మడమల మీద కూర్చుండిపోయాడు. తర్వాత అవతలి ఒడ్డు వైపు చూశాడు. మాస్టారి ఇంటి పెరటి తలుపు ఓరగా తెరిచి ఉంది. ఆ సందులో తెల్లటి పంచె అంచు ఒకటి కదిలి ఆగింది.

మేస్త్రి తన భుజం మీది నూనెగుడ్డ తీసి, ఒక గీత మీద మట్టి చింది ఉంటే, గీత బాగా కనబడేలా తుడిచాడు. గడ్డి ఎలా ఉన్నదో అలాగే సర్దాడు. ఇంట్లోకి వచ్చి, ఇవాళ ఆకలేస్తోంది, ఏమైనా పెట్టు అన్నాడు భార్యతో.